మోనాలిసా మాయమైన వేళ – ఒక మూకీ ప్రహసనం

దొంగతనం నవ్వదగిన విషయం కాదు. సొమ్ము పోగొట్టుకొన్నవాని దుఃఖం ఇరుగుపొరుగువారు కూడ పంచుకోవలసినదే. అయినా దొంగతనం జరిగిన మరునాటి నుండి ఊరిలో దానిని గురించి కథలు పుడతాయి. కథల వెనుక ఛలోక్తులు పుడతాయి. కావలివాడు ఎట్లా నిద్రపోయినాడో, అధికారి ఎట్లా కంగారుపడినాడో అభినయించి చూపేవారు ప్రతి ఊరిలోను ఉంటారు. ‘దొంగలు పడ్డ ఆరు నెలలకు కుక్కలు మొరిగినట్లు’ అనే సామెతను మన పెద్దలు కన్నీరు కారుస్తూ కట్టి ఉండరు. పోయిన వస్తువును తలచుకొని బాధపడే మనస్సే, దానిని కాపాడవలసినవారి తీరును చూచి నవ్వుకొంటుంది. ఈ రెండు భావాలు ఒకే మనస్సులో ఎట్లా ఇమిడి ఉంటాయి? ఆ నవ్వు న్యాయమైనదేనా? ఈ ప్రశ్నలను ఒక చిన్న మూకీ చిత్రాన్ని ఆధారంగా చేసికొని పరిశీలింపదలచినాను.

1911వ సంవత్సరం ఆగస్టు నెలలో, పారిస్ నగరంలోని లూవ్రు ప్రదర్శనశాల నుండి లియొనార్డో డావిన్సీ చిత్రించిన మోనాలిసా పటం అపహరింపబడినది. మూడు వారాలు గడిచీ గడవకముందే, పటం ఎక్కడ ఉన్నదో దొంగ ఎవరో ఇంకా ఎవరికీ తెలియని స్థితిలోనే, పాథే సోదరుల చలనచిత్ర సంస్థ ఆ దొంగతనాన్ని ఇతివృత్తంగా తీసికొని ఒక ప్రహసనం నిర్మించి అదే నగరంలో ప్రదర్శించినది. దాని పేరును మన భాషలో ‘నిక్ వింటర్ – జొకోంద్ దొంగతనం’ అనవచ్చును. జొకోంద్ అనేది మోనాలిసాకు ఫ్రెంచివారు వాడే పేరు. పటంలోని స్త్రీ ఫ్లారెన్సు నగరంలోని పట్టువర్తకుడు ఫ్రాంచెస్కో దెల్ జొకొండో భార్య లీసా అని చెప్పుతారు. జొకొండో అనే మాటకు ఉల్లాసం గలవాడని అర్థం కూడ ఉన్నది. కనుక జొకోంద్ అంటే ఆ ఇంటి ఇల్లాలు అనీ, నవ్వుముఖం గలది అనీ రెండు విధాల చెప్పుకోవచ్చును.

నవ్వును గురించి మన భరతముని నాట్యశాస్త్రంలో చక్కని విభాగం చేసినాడు. స్మితం, హసితం, విహసితం, ఉపహసితం, అపహసితం, అతిహసితం అని నవ్వు ఆరు విధాలు. పలువరుస కనబడకుండ చెక్కిళ్ళు కొంచెం వికసించేది స్మితం. మోనాలిసా పెదవులపై ఉన్నది అదే. కన్నుల నీరు గ్రమ్మి, భుజాలు అదిరేటట్లు నవ్వేది అపహసితం. పాథేవారి ప్రహసనం చూచినవారి నవ్వు ఈ కోవకు చేరినది. ఆరింటిలో మొదటిదైన చిరునవ్వు గోడ మీద నుండి మాయమైనప్పుడు, చివరి తరగతుల నవ్వు తెర మీదికి వచ్చినదన్నమాట.

మొదట జరిగిన సంగతి తెలిసికొందాము. మోనాలిసా పటం గుడ్డ మీద వ్రాసినది కాదు. పాప్లరు అనే చెట్టు పలక మీద చిత్రించినది. ఎత్తు సుమారు 77 సెంటీమీటర్లు, వెడల్పు 53 సెంటీమీటర్లు. చాపవలె చుట్టి సంచిలో పెట్టుకొనిపోవుటకు వీలులేని వస్తువు. సోమవారాలలో లూవ్రు ప్రజలకు మూసి ఉండేది. ఆ దినాలలో శుభ్రపరచేవారు, మరమ్మతులు చేసేవారు మాత్రమే లోపల తిరుగుతారు. ఆగస్టు 21వ తేదీ సోమవారం నాడు ఎవడో పటాన్ని గోడ మీద నుండి దించి, పనివారు వాడే మెట్లదారిలోనికి తీసికొనిపోయి, చట్రాన్నీ అద్దాన్నీ అక్కడనే వదలి, పలకతో బయటికి నడచిపోయినాడు.

ఆ సంగతి ఆ రోజున ఎవ్వరూ గమనింపలేదు. మంగళవారం నాడు లూయీ బెరూ అనే చిత్రకారుడు పని చేసికొనుటకు వచ్చి, మోనాలిసా ఉండవలసిన చోట వట్టి గోడను చూచినాడు. కావలివానిని అడిగితే, ఛాయాచిత్రం తీయుటకు తీసికొనిపోయి ఉంటారని వాడు నిశ్చింతగా బదులు చెప్పినాడు. అప్పటి పద్ధతి అది. పటాలను ఛాయాచిత్రకారులు తమ గదికి తీసికొనిపోవుట మామూలు. చాలసేపు గడచిన తరువాత బెరూ మరల అడిగించినాడు. ఛాయాచిత్రకారులు తాము తీసికోలేదన్నారు. అప్పుడు గాని అలజడి పుట్టలేదు. ఒక దినం కంటె ఎక్కువ కాలం ఆ చోటు ఖాళీగా ఉన్నా, దానిని చూచినవారికి దొంగతనం జరిగి ఉంటుందనే అనుమానం రాలేదు.

లూవ్రు తలుపులు మూయబడినవి. సుమారు 60 మంది పరిశోధకులు భవనమంతా గాలించినారు. దొరికినవి చట్రం, అద్దం. అద్దం మీద ఒక బొటనవ్రేలి ముద్ర. సరిహద్దులలో, ఓడరేవులలో సామానులు సోదా చేసినారు. జాతీయ ప్రదర్శనశాలల అధ్యక్షుడు తెయోఫిల్ ఓమోల్ అప్పుడు సెలవు మీద ఉన్నాడు. ఆయన సామాన్యుడు కాడు. గ్రీసు దేశంలో డెల్ఫీ క్షేత్రాన్ని త్రవ్వించి ప్రాచీన శిల్పసంపదను వెలికి తెచ్చిన పండితుడు. అయితే, మోనాలిసాను దొంగిలించుట నోత్రదామ్ దేవాలయపు గోపురాలను దొంగిలించుట వంటిదని ఆయన పూర్వం ఒక సందర్భంలో అన్నట్లు ప్రతీతి. ఆ మాట ఇప్పుడు ఊరంతటికీ జ్ఞాపకం వచ్చినది. ఆయన పదవి పోయినది.

ఒక వారం తరువాత లూవ్రు తెరచినప్పుడు జరిగినది ఇంకా విచిత్రం. జనం బారులు తీరి నిలిచినారు. పటాన్ని చూచుటకు కాదు. పటం లేని గోడను, దానికి మిగిలిన మేకులను చూచుటకు. పటం ఉన్న రోజులలో ఆ గదిలో అడుగు పెట్టనివారు కూడ అది లేని చోటును చూచి నిట్టూర్చినారు. ఉన్నప్పుడు విలువ తెలియదు, పోయిన తరువాత గాని తెలియదు అని మన ఇండ్లలో తల్లులు చెప్పే మాటకు ఇంతకంటె పెద్ద సాక్ష్యం దొరకదు.

ఇక చలనచిత్రాల సంగతి. లూమియేరు సోదరులు పారిస్‌లో 1895 డిసెంబరు 28వ తేదీన డబ్బు పుచ్చుకొని మొదటి ప్రదర్శన ఇచ్చినారు. అప్పటికి ఇంకా పదహారు సంవత్సరాలు నిండలేదు. అయినా సినిమా అప్పటికే వారం వారం మారే వినోదమైనది. పాథేవారి కోడిపుంజు గుర్తు దేశదేశాలలో తెలిసినది. వారి ప్రదర్శనలలో ఒక ప్రకృతి దృశ్యం, ఒక విషాద కథ, ఒక వార్తాచిత్రం, ఒకటి రెండు ప్రహసనాలు కలిసి ఉండేవి. మాట లేదు; తెర ముందు వాద్యం, తెర మీద అభినయం, అవసరమైన చోట అక్షరాలతో ఒక చిన్న పంక్తి. ఒక్కొక్క ప్రహసనం కొన్ని నిమిషాలలో ముగుస్తుంది. రంగు పూసిన తెరలతో గదులు కట్టుతారు. వీధి దృశ్యాలకు నిజమైన వీధులే ఉన్నవి. అందుచేత పత్రికలో ఒక సంగతి చదివి, దానిని కొద్ది దినాలలోనే తెర కెక్కించుట వారికి సాధ్యమైనది. నేటి వార్త రేపటి నవ్వుగా మారే సౌకర్యం నాటకశాలకు కూడ అంత సులభంగా లభింపలేదు.

నిక్ వింటర్ ఎవరన్నది కూడ చెప్పవలెను. అమెరికా దేశపు చౌక నవలలలో నిక్ కార్టర్ అనే అపరాధ పరిశోధకుడు ప్రసిద్ధుడు. ఫ్రాన్సులో ఒక సంస్థ 1908లో అతని సాహసాలను చలనచిత్రాలుగా తీసి పేరు గాంచినది. దానికి వెక్కిరింపుగా పాథేవారు నిక్ వింటర్ అనే పాత్రను సృష్టించినారు. ఆ వేషం కట్టిన నటుడు జార్జ్ వింటెర్. పాత్ర పేరులో నటుని పేరు కూడ కలిసివచ్చినది. నిక్ కార్టర్ ఏ ఆనవాలు దొరికినా నేరస్థుని పట్టుకొంటాడు. నిక్ వింటర్ కూడ ఆనవాలు పట్టుకొంటాడు, వేషాలు మార్చుతాడు, పరుగులు తీస్తాడు. ఆ పరుగు ఎటు పోతుందన్నదే హాస్యం.

ఈ చిత్రాన్ని విడుదలైన రోజులలోనే చూచినవారిలో ఇద్దరు యువకులు ఉన్నారు. ఆ కాలపు ప్రహసనాలు ఎన్నో చూచినవారి జ్ఞాపకంలో కూడ నిలువలేదు గాని, దీనికి ఆ ఇద్దరి మూలాన అదృష్టం పట్టినది. ప్రేగ్ నగరం నుండి సెలవులలో దేశయాత్రకు బయలుదేరి 1911 సెప్టెంబరు రెండవ వారంలో పారిస్ చేరిన ఆ మిత్రులు ఫ్రాంజ్ కాఫ్కా, మాక్స్ బ్రోడ్. కాఫ్కాకు అప్పటికి 28 ఏండ్లు. ప్రపంచం ఆయన పేరు ఇంకా వినలేదు. వారు లూవ్రుకు వెళ్ళి ఖాళీ గోడ ముందు గుమిగూడిన జనాన్ని చూచినారు. ఆ సందడి చూస్తే దొంగతనం అప్పుడే జరిగినట్లున్నదని కాఫ్కా తన దినచర్యలో వ్రాసికొన్నాడు. తరువాత వారు మోంమార్త్ర్ బులెవారు వీధిలో ఉన్న పాథేవారి ఓమ్నియా సినిమాశాలకు వెళ్ళినారు. కార్యక్రమం చివరలో ఈ ప్రహసనం వచ్చినది. బ్రోడ్ దానిని వివరంగా ఒక వ్యాసంలో వర్ణించినాడు. కథ ఇట్లా సాగుతుంది.

తెర మీద ఒక పెద్దమనిషి కనబడతాడు. పేరు క్రుమోల్. ఓమోల్ అనే పేరును కొంచెం వంకర త్రిప్పితే క్రుమోల్ అవుతుందని పారిస్‌లో పిల్లలకు కూడ తెలుసు. ఆయన రాత్రి టోపీ పెట్టుకొని హాయిగా మంచం మీద నిద్రపోవుచున్నాడు. తంతి వస్తుంది: జొకోంద్ అపహరింపబడినది. ఆయన ఉలిక్కిపడి లేచి దుస్తులు వేసికొనే తొందరలో రెండు కాళ్ళను పంట్లాములో ఒకే కాలిలో దూర్చుతాడు. ఒకే కాలికి రెండు మేజోళ్ళు తొడుగుతాడు. పట్టీలు వ్రేలాడుచుండగానే వీధిలో పడి పరుగెత్తుతాడు. దారిన పోయేవారు నిలబడి వింతగా చూస్తారు.

తరువాత లూవ్రు గది. చుట్టూ పటాలు, నడుమ ఖాళీ చోటు, అక్కడ పటం వ్రేలాడిన మేకులు. అందరూ నోళ్ళు తెరచి నిలుచుంటారు. నిక్ వింటర్‌ను పిలిపిస్తారు. ఆయన నేల వెదకి ఒక బూటు బొత్తాం పట్టుకొంటాడు. ఇంకేమున్నది? బొత్తాం లేని బూటు ఎవరిదో వాడే దొంగ! పరిశోధకుడు బూట్లకు మెరుగు పెట్టే కుర్రవాని వేషం వేసి పారిస్ కాఫీశాలలన్నీ తిరుగుతాడు. కనబడినవాని కాలల్లా పట్టుకొని, వద్దన్నా వినక, బూట్లు తుడుస్తాడు. తుదకు బొత్తాం సరిపోయిన బూటు దొరుకుతుంది. అది సాక్షాత్తు క్రుమోల్‌గారిది! కంగారులో దుస్తులు వేసికొని పరుగెత్తి వచ్చిన అధ్యక్షుడే గదా బొత్తాం రాల్చుకొన్నది. ఆ పాపం పెద్దమనిషి ఖైదు చేయబడతాడు.

ఇప్పుడు వస్తుంది అసలైన చమత్కారం. గది నిండా అందరూ అటూ ఇటూ పరుగులు తీస్తూ హడావుడి పడుచుండగా, దొంగ నెమ్మదిగా లోపలికి వస్తాడు. వాని చంకలో మోనాలిసా ఉన్నది. పటాన్ని దాని చోటనే తగిలించి, వెలాస్కెజ్ చిత్రించిన రాకుమారి పటాన్ని తీసికొని వెళ్ళిపోతాడు. ఎవరూ వానిని చూడరు. కొంతసేపటికి ఎవరో మోనాలిసాను చూస్తారు. అందరికీ ఆశ్చర్యం. పటం మూలన ఒక చీటీ ఉన్నది. తనకు చూపు ఆనదనీ, నిజానికి తాను కోరినది దీని ప్రక్కనున్న పటమనీ, క్షమింపుమనీ దొంగ అందులో విన్నవించుకొన్నాడు. అంతటితో కథ సమాప్తం.

కొన్ని నిమిషాల ఈ ఆటలో హాస్యం ఏ విధంగా పుట్టినదో చూడండి. వికృతమైన వేషం, వికృతమైన అలంకారం హాస్యానికి విభావాలని భరతుడు చెప్పినాడు. ఒకే కాలిలో రెండు కాళ్ళు దూర్చిన పెద్దమనిషి ఆ సూత్రానికి చక్కని ఉదాహరణ. కాని వికృతవేషం ఎవరికి వేసినారన్నది ముఖ్యం. దొంగకు వేయలేదు. దొంగ ఈ చిత్రంలో శాంతంగా, మర్యాదగా వస్తాడు, పోతాడు. వికృతి అంతా కాపాడవలసినవారిది, పట్టుకోవలసినవారిది. పండితుడైన అధ్యక్షుడు నిద్రలో ఉన్నాడు. పరిశోధకుడు బొత్తాం వెంట పోయినాడు. మోనాలిసాను గాని, దానిని చిత్రించినవానిని గాని చిత్రం ఎక్కడా నవ్వుల పాలు చేయలేదు. పటం మీద గౌరవం ఉన్నవారే దానిని కాపాడలేనివారిని చూచి నవ్వగలరు. ఆ విధంగా చూస్తే ఈ ప్రహసనం ప్రజలు అధికారులను అడిగిన ఒక లెక్క. ఆ లెక్క పత్రికలో అడిగితే కోపం, న్యాయస్థానంలో అడిగితే వ్యాజ్యం, తెర మీద అడిగితే నవ్వు.

అయితే ఈ నవ్వుకు ఒక చీకటి వైపు కూడ ఉన్నది. దానిని దాచిపెట్టి చిత్రాన్ని మెచ్చుకొనుట న్యాయం కాదు. క్రుమోల్ తెర మీద ఖైదు అవుచున్న ఆ వారంలోనే, అదే నగరంలో, ఒక నిజమైన మనిషి నిజమైన చెరసాలలో ఉన్నాడు. ఆయన గియోమ్ అపోలినేర్ అనే కవి. ఆయన వద్ద కార్యదర్శిగా ఉన్న ఒక యువకుడు పూర్వం లూవ్రు నుండి చిన్న ప్రాచీన శిల్పాలను దొంగిలించి అమ్మినాడు. వానిలో కొన్ని చిత్రకారుడు పికాసో చేతికి చేరినవి. మోనాలిసా గొడవలో ఆ సంగతి పైకి వచ్చినది. సెప్టెంబరు 7వ తేదీన అపోలినేర్‌ను పట్టుకొని లా సాంతే అనే కారాగారంలో పెట్టినారు. పికాసోను కూడ పిలిపించి ప్రశ్నించినారు. మోనాలిసా విషయంలో ఇద్దరికీ ఏ సంబంధమూ లేదు. కొద్ది దినాల తరువాత కవి విడుదలైనాడు. తరువాతి సంవత్సరం అభియోగం కొట్టివేయబడినది. ఇటలీలో పుట్టిన పరదేశి అని పత్రికలు అన్న మాటలు మాత్రం ఆయన మనస్సులో చాల కాలం ముల్లువలె నిలిచినవి.

ఓమ్నియాలో కూర్చొని, బొత్తాం మూలాన పట్టుబడిన నిర్దోషిని చూచి పకపక నవ్వినవారికి ఈ సంగతి జ్ఞాపకం వచ్చినదా? వచ్చినా రాకపోయినా, ఆ దృశ్యం కట్టుకథ కాదు. ఆనవాలు దొరికినది, దానికి సరిపోయే మనిషి దొరికినాడు, కనుక వాడే దొంగ అనే తర్కం ఠాణాలో నడిచినప్పుడు ఒక కవి చెరసాల పాలైనాడు; తెర మీద నడిచినప్పుడు జనం నవ్వినారు. ఆ తర్కం ఎంత బలహీనమో ఆ ఆట కొన్ని నిమిషాలలో అందరికీ అర్థమయేటట్లు చేసినది. నిర్దోషి బాధను చూచి నవ్వితే అది క్రూరత్వం. నిర్దోషిని పట్టుకొన్న తెలివితక్కువతనాన్ని చూచి నవ్వితే అది విమర్శ. ఈ రెండింటికీ మధ్య గోడ పలుచన. మంచి ప్రహసనం ఆ గోడకు ఇవతలనే నిలుస్తుంది. పాథేవారి చిత్రం చాలవరకు ఇవతలనే నిలిచినదని నా అభిప్రాయం. ఎందుకంటే అది ఖైదు చేసినది దిక్కులేని పరదేశిని కాదు, స్వయంగా అధికారినే.

ఇంతకూ నిజమైన దొంగ ఎవరు? వాని కథ వింటే ప్రహసనం ఎంత దగ్గరగా వచ్చినదో తెలుస్తుంది. వాని పేరు విన్‌చెంజో పెరుజ్జా. ఇటలీ దేశం నుండి పొట్టకూటి కొరకు పారిస్ చేరిన పనివాడు. లూవ్రులోని పటాలకు అద్దాలు అమర్చిన సంస్థలో పనిచేసినాడు. కనుక మోనాలిసాను గోడకు ఎట్లా తగిలించినారో, చట్రం నుండి ఎట్లా ఊడదీయవచ్చునో వానికి తెలుసు. సోమవారం ఉదయం పనివారు తొడిగే తెల్లని అంగీ తొడిగి మామూలుగా లోపలికి నడచినానని తరువాత చెప్పినాడు. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడని మనవారు ఊరకే అనలేదు.

పత్రికలు ఏవేవో ఊహించినవి. ఇది పెద్ద ముఠా పని అన్నవి. కోటీశ్వరుడెవడో సముద్రం అవతలికి తెప్పించుకొన్నాడన్నవి. పటం మాత్రం పారిస్ దాటలేదు. రెండేండ్లకు పైగా అది లూవ్రుకు ఎంతో దూరం లేని ఒక పేద గదిలో, పెట్టె అడుగున చేసిన రహస్యపు అరలో ఉన్నది. లూవ్రులో పనిచేసినవారందరితో పాటు పెరుజ్జాను కూడ పోలీసువారు ప్రశ్నించినారు. వాని గదికి వచ్చినారు కూడ. అనుమానం కలుగలేదు, వెళ్ళిపోయినారు. అంతేకాదు, పూర్వం చిన్న తగాదాలలో వాడు పట్టుబడి ఉన్నందున వాని వ్రేలిముద్రలు పారిస్ పోలీసు దస్త్రాలలో అప్పటికే ఉన్నవి. అద్దం మీద బొటనవ్రేలి ముద్ర చేతిలో ఉన్నది. కాని నేరస్థుల పత్రాలను శరీరపు కొలతల ప్రకారం అమర్చే ఆ పద్ధతిలో, ఒక్క వ్రేలిముద్రను పట్టుకొని మనిషిని వెదకి తీయుట సాధ్యపడలేదు. తెర మీది పరిశోధకుడు పనికిరాని బొత్తాంతో తప్పు మనిషిని పట్టుకొన్నాడు. నిజమైన పరిశోధకుల వద్ద పనికివచ్చే ముద్ర ఉన్నది, సరియైన మనిషి కాగితమూ ఉన్నది. ఆ రెండూ కలుసుకోలేదు. ఏది హాస్యం, ఏది వాస్తవం?

చంకలో బిడ్డను పెట్టుకొని ఊరంతా వెదకినట్లు అనే సామెత మనకు ఉన్నది. ప్రహసనంలోని దొంగ మోనాలిసాను చంకలో పెట్టుకొనే గదిలోనికి వస్తాడు. అందరూ ఊరంతా వెదకుచునే ఉంటారు. వానికి చూపు ఆనదని చీటీ చెప్పుతున్నది. కాని ఆ కథలో చూపు ఆననివాడు వాడొక్కడేనా? ఖాళీ గోడను చూచి ఛాయాచిత్రకారుల వద్ద ఉన్నదనుకొన్నవానికి చూపు ఆనినదా? సరిహద్దులలో పెట్టెలు తెరిపించి, ఊరిలో ఉన్న గదికి వచ్చి పెట్టె తెరువని వారికి చూపు ఆనినదా? హ్రస్వదృష్టి గలవానికి దూరమున్నది కనబడదు, దగ్గరిది కనబడుతుంది. ఈ పెద్దలకు దగ్గరిదే కనబడలేదు. ఒక్క అక్షరం కూడ తెలియకుండా, మూడు వారాలలో తయారైన వినోదచిత్రం ఈ సత్యాన్ని చీటీ ముక్కలో వ్రాసిపెట్టినది. దొంగ ఎవరో సినిమావారికి తెలియదు. కాని కాపలా ఎటువంటిదో వారికి తెలుసు. ఆ తెలిసినదానిని గురించే చిత్రం తీసినారు; అందుకే అది తప్పిపోలేదు.

పటం తిరిగి వచ్చిన తీరు కూడ తెలిసినదే. 1913 డిసెంబరులో పెరుజ్జా ‘లియొనార్డో’ అనే పేరుతో ఫ్లారెన్సులోని ఆల్ఫ్రెడో జేరి అనే కళావస్తువుల వర్తకునికి ఉత్తరం వ్రాసి, పటంతో అక్కడికి వచ్చినాడు. జేరి, ఉఫిజ్జీ ప్రదర్శనశాల అధ్యక్షుడు పోజ్జి కలిసి పటాన్ని పరీక్షించి అసలైనదేనని గుర్తించినారు, దొంగ పట్టుబడినాడు. ఇటలీ సొత్తును ఇటలీకి చేర్చినానని వాడు చెప్పుకొన్నాడు. కొన్నాళ్ళు ఇటలీ నగరాలలో ప్రదర్శింపబడి, 1914 జనవరి 4వ తేదీన మోనాలిసా తిరిగి లూవ్రు చేరినది. న్యాయస్థానం విధించిన శిక్ష ఒక సంవత్సరం పదిహేను దినాలు. పైకోర్టులో అది ఏడు నెలలకు తగ్గినది. ప్రహసనంలో వలెనే నిజంలో కూడ పటాన్ని తిరిగి ఇచ్చినది పోలీసులు కాదు. దొంగ తనంతట తాను బయటికి తెచ్చినందుననే అది దొరికినది. ఓమోల్ పండితుడు మరల విద్యారంగంలో గౌరవ పదవులు నిర్వహించినాడు. తెర మీది క్రుమోల్ ఆయన పాండిత్యాన్ని చెరుపలేదు. పాండిత్యం ఉన్నంత మాత్రాన తాళం పడదని మాత్రం చాటినాడు.

ఈ కథ పాతబడినదని అనుకోవలసిన పనిలేదు. 2025 అక్టోబరు 19వ తేదీ ఆదివారం ఉదయం, ప్రదర్శనశాల తెరచి ఉన్న సమయంలోనే, దొంగలు సామాను ఎత్తే నిచ్చెన బండితో అదే లూవ్రు పై అంతస్తు కిటికీకి చేరి, ఫ్రెంచి రాజవంశపు ఆభరణాలు ఎనిమిదింటిని కొన్ని నిమిషాలలో ఎత్తుకొనిపోయినారు. వాని విలువను 8 కోట్ల 80 లక్షల యూరోలుగా అధికారులు ప్రకటించినారు. దేశమంతా సిగ్గుపడినది, ఆ సిగ్గు తీరకముందే లోకమంతటా ఛలోక్తులు వెల్లువెత్తినవి. ఆ బండిని తయారుచేసిన జర్మను సంస్థ, తొందర పనులకు తమ యంత్రమే తగినదని ఆ ఛాయాచిత్రంతోనే ప్రకటన వేసికొన్నది. నిక్ వింటర్ నాటి నవ్వు నూటపదునాలుగేండ్ల తరువాత మరల వినబడినది. ఇప్పుడు కూడ అది ఆభరణాలను చూచి పుట్టినది కాదు, కాపలాను చూచి పుట్టినది.

కనుక మొదట వేసికొన్న ప్రశ్నలకు సమాధానం చెప్పుకోవచ్చును. దుఃఖానికీ హాస్యానికీ ఒకే హృదయంలో చోటు ఉన్నది. ఎందుకంటే రెండింటి లక్ష్యాలు వేరు. పోయిన వస్తువు మీద దుఃఖం, పోనిచ్చినవారి అలసత్వం మీద నవ్వు. ఆ లక్ష్యం తప్పి, పొరపాటున పట్టుబడిన నిర్దోషి మీదికి పోయినప్పుడు నవ్వు పాపమవుతుంది. గురి తప్పనంత కాలం అది ప్రజల చేతిలోని దీపం. నాటి పెద్దల పరిశోధన నివేదికలు దస్త్రాలలో మూలపడినవి. కొన్ని నిమిషాల మూకీ ప్రహసనం మాత్రం, గోడ ముందు నిలబడి కూడ గోడను చూడనివారిని నేటికీ మన ముందు నిలబెట్టుచున్నది. కాపాడవలసిన వస్తువు ఏదైనా సరే, అది పోయిన తరువాత మేకులను చూచుటకు బారులు తీరుట కంటె, ఉన్నప్పుడు ఒకసారి తల ఎత్తి చూచుట మేలు.